మూడు గంటల్లో చల్లారని పిడి

2017 నవంబరులో మా చిక్కడపల్లి టూర్ల ఆఫీసు నన్ను ఆదిలాబాద్ కొండల రూటుకు ప్లానర్‌గా వేసింది. ఆదివారం తెల్లవారుజామున నారాయణగూడ చౌరస్తాలో బస్సు బయలుదేరి, నిర్మల్‌లో కొయ్యబొమ్మలు చేసేవాళ్ల దగ్గర ఆగి, ఘాట్ ఎక్కి, గూడేల మీదుగా ఇత్తడి పోతపని చేసే ఒక ఇంటికి వెళ్లి, జలపాతం చూపించి, రాత్రికి తిరిగి రావాలి. ఒక్కరోజు యాత్ర. అప్పటికి ఆ ఆఫీసులో నాకు పందొమ్మిదేళ్ల సర్వీసు. మేనేజరు కింద ఇద్దరం ప్లానర్లం, మా కింద టూర్ ఇన్‌చార్జులు, వాళ్ల కింద డ్రైవర్లు.

ప్లానరు పని చార్ట్ వేయడం. బస్సు ఎక్కడ ఎన్నింటికి ఆగాలి, ఎన్నింటికి కదలాలి అని నిమిషాలతో రాసిన కాగితమే చార్ట్. నేను చదివింది ఇంటర్ వరకే. లెక్కలు మాత్రం సొంతంగా నేర్చుకున్నాను. ఒక్క తలుపున్న బస్సులోంచి మనిషి దిగడానికి సగటున ఎనిమిది సెకన్లు పడుతుందని రెండు నెలలు గడియారం పట్టుకుని నిలబడి తేల్చాను. ముప్ఫై ఎనిమిది మంది దిగాలంటే అయిదు నిమిషాల నాలుగు సెకన్లు. ఘాట్ రోడ్డైతే మామూలు సమయానికి నూటికి పదిహేను కలపాలి. ఇట్లాంటివి నా నోటుబుక్కులో ఇరవై ఆరు సూత్రాలుండేవి. నా చార్ట్ పట్టుకుని వెళ్లిన బస్సు పావుగంటకు మించి ఆలస్యం కాదని ఆఫీసులో పేరు.

కొత్త రూటు తెరిచేముందు ట్రయల్ రన్ చేస్తాం. అంటే ప్రయాణికులు లేకుండా కారులో ఆ దారంతా తిరిగి, ప్రతి చోటా సమయం కొలుచుకోవడం. ఆ రన్‌లోనే మారుతి అన్నను మొదటిసారి చూశాను. అరవైకి దగ్గరగా ఉంటాడు. చుట్టుపక్కల గూడేలకు గంటలు, దీపాలు, దేవుడి సామాన్లు ఇత్తడితో పోసి ఇవ్వడం వాళ్ల ఇంటిపని. ఏ గూడేనికి ఏ ఇల్లు పని చేయాలో తాతల నాటి నుంచి ఖాయమై ఉంటుందని, వేరేవాళ్లతో చేయించుకోవడం ఉండదని చెప్పాడు.

ఆ పని తీరు ఇట్లా ఉంటుంది. మట్టితో లోపలి ముద్ద చేసి, దాని మీద తేనెమైనం తీగలు చుట్టి రూపం తీస్తారు. పైన మళ్లీ మట్టి పూసి ఎండబెడతారు. అదే మూస. బట్టీలో కాలిస్తే మైనం కరిగిపోతుంది. ఆ ఖాళీలోకి కరిగిన ఇత్తడి పోస్తారు. చల్లారాక మట్టి పగలగొట్టి వస్తువు తీస్తారు. మైనం పోయింది, మూస పోయింది కాబట్టి ఆ వస్తువు అట్లాంటిది మళ్లీ రాదు. ట్రయల్ రోజున ఒక చిన్న ఎద్దుబొమ్మ పోశాడు. తొమ్మిది పదికి పోస్తే పదిన్నరకు విప్పాడు. ఎనభై నిమిషాలు. రాసుకున్నాను. బస్సు పన్నెండుకు పది నిమిషాల ముందు చేరుతుంది, నలభై అయిదు నిమిషాలు ఆగుతుంది. ఆ లోపల మూస పగలగొట్టడం చూపించాలి. మా కరపత్రంలో అందరినీ లాగింది కూడా మూస పగలడం కళ్లారా చూడొచ్చన్న ఆ ఒక్క వాక్యమే.

మొదటి యాత్రకు ముందు నాలుగు రోజులు అక్కడ అకాల వర్షం. శనివారం సాయంత్రం ఫోన్ చేస్తే, చిన్న మూసలేవీ ఎండలేదన్నాడు మారుతి అన్న. వర్షానికి ముందే ఎండినది ఒక్కటే ఉంది, అది పై గూడెం వాళ్ల ఇలవేల్పు చామరానికి పిడి. వాళ్ల పాత పిడి అరిగి వదులైతే, దాన్నే కరిగించి కొత్తది పోయమని ఆ గూడెం పెద్ద, పటేల్, తెచ్చి ఇచ్చాడు. మైనం కూడా ఆ గూడెం వాళ్లే అడవిలో తీసి తెచ్చిందే వాడాలి. సోమవారం కాలుద్దామని ఆయన ఆలోచన.

ఆదివారం పొద్దున కాల్చి, మేం వచ్చినప్పుడు విప్పమని అడిగాను.

“అది గట్ల ఇప్పేది కాదు సార్. పొద్దుగూకేదాక సల్లారాలె,” అన్నాడు.

బరువెంత ఉంటుందని అడిగాను. ఎద్దుబొమ్మకు మూడింతలన్నాడు. ఫోను పట్టుకునే లెక్క వేశాను. బరువు మూడింతలైతే చల్లారే సమయం మూడింతలు కాదు, రెండింతలకు కాస్త ఎక్కువ. నూట అరవై ఆరు నిమిషాలు. పైన పద్నాలుగు కలిపి నూట ఎనభై చేశాను. ఎనిమిదీ యాభైకి పోస్తే పదకొండూ యాభైకి విప్పొచ్చని ఖాయంగా చెప్పాను. ఆ సీజనులో ఇరవై నాలుగు ఆదివారాలు బస్సు ఆయన ఇంటి ముందు ఆగుతుందని అంతకు ముందే మాట ఇచ్చి ఉన్నాం. మొదటి రోజే చూపించడానికి ఏమీ లేకపోతే ఆఫీసు వేరే చోటు చూసుకుంటుందని కూడా అన్నాను. అది బెదిరింపు అనుకోలేదు అప్పుడు. ఉన్న సంగతి చెప్పాననుకున్నాను.

“మీరు లెక్క చేసిన్రు గదా. మీ మాట మీదనే ఇప్పుత,” అన్నాడు.

ఆ ఆదివారం నేనూ బస్సులో ఉన్నాను. టూర్ ఇన్‌చార్జి సునీత. దోమలగూడ, చిక్కడపల్లి కుటుంబాలు ఇరవై నాలుగు మంది, అశోక్‌నగర్ హాస్టళ్లలో ఉండి గ్రూప్స్‌కు చదివేవాళ్లు పద్నాలుగు మంది. ఈ చేతిపనుల మీద పరీక్షల్లో ప్రశ్నలు వస్తాయి కాబట్టి చదివేవాళ్లు మా యాత్రకు వస్తుండేవారు. నిర్మల్‌లో బొమ్మలు చెక్కే పొనికి కర్రను పట్టుకుని చూశారు, బరువు లేదని ఆశ్చర్యపోయారు. ఘాట్‌లో మంచు తొమ్మిదిన్నర దాటినా విడవలేదు. మలుపు తిరిగినప్పుడల్లా కింద పత్తిచేలు తెల్లగా కనపడి మళ్లీ టేకు చెట్ల వెనక్కు పోయేవి. రజిత అని ఒక అమ్మాయి నోట్సు రాసుకుంటూ కూర్చుంది. పక్కనున్న స్నేహితురాలు కిటికీలోంచి చూడమని పోరుతుంటే, “చూస్తె మార్కులొస్తయా? రాసుకుంటె వస్తయి,” అంది. వెనక సీట్లోంచి ఎవరో, “పోస్టింగ్ ఈడనే వేస్తరు తీ, అప్పుడు రోజూ చూద్దువు,” అన్నారు. బస్సంతా నవ్వింది.

పదకొండూ యాభై ఒకటికి చేరాం. ఒక్క నిమిషం తేడా. నాకు సంతోషంగా ఉంది.

మారుతి అన్న ఇంటి ముందు బూడిదలో మూస ఉంది. అందరూ చుట్టూ నిలబడ్డారు. మైనం ఎట్లా చుడతారో ఆయన భార్య చూపించింది. ఆ తర్వాత ఆయన మూసకు చేతి వెనకవైపు ఆనించి, నా వైపు చూసి, లోపల ఇంకా వేడి ఉందన్నాడు. సునీత నన్ను పక్కకు పిలిచింది.

“సార్, ఒక గంట ఆగుదమా? అన్నాలు ఆలస్యమైతే పబ్లిక్‌కు నేను చెప్పుకుంట.”

భోజనాలు పద్నాలుగు కిలోమీటర్ల దూరంలో ఒంటిగంటకు. ఆ తర్వాత జలపాతం. గంట జరిగితే వెలుగు ఉండగా ఘాట్ దిగలేం. ఇవన్నీ నిజమే. అయితే మనసులో ఉన్నది అది కాదు. నూట ఎనభై నిమిషాలు అయిపోయాయి, నా లెక్క ప్రకారం అది చల్లారి ఉండాలి. విప్పమని తల ఊపాను.

ఆయన మెల్లగా కొట్టాడు. మట్టి పెచ్చులుగా రాలింది. లోపల నుంచి జానెడు పిడి, మీద తీగల అల్లిక, కొసన చిన్న చిన్న గజ్జెల వరస బయటపడ్డాయి. ఫోన్లు పైకి లేచాయి. కొందరు చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లలో లోహం చిట్లిన చిన్న శబ్దం చాలామందికి వినపడి ఉండదు. పిడి మెడ దగ్గర వెంట్రుక లాంటి గీత కనపడింది. ఆయన పట్టకారుతో ఎత్తబోతే రెండు ముక్కలైంది.

ఏం జరిగిందో ప్రయాణికులకు అర్థం కాలేదు. పని అట్లాగే ఉంటుందేమో అనుకున్నారు. చిక్కడపల్లి నుంచి వచ్చిన ఒక పెద్దమనిషి, “ఇరిగిన ముక్కైనా షోకేసుల మంచిగుంటది, ఇస్తరా?” అని మర్యాదగానే అడిగాడు. మారుతి అన్న భార్య ఆ రెండు ముక్కలనూ మందపాటి గోనెగుడ్డలో పట్టుకుని లోపలికి వెళ్లింది.

బస్సు ఎక్కేముందు ఆయన దగ్గరికి వెళ్లాను. మళ్లీ పోయడానికి ఎన్నిరోజులు పడుతుందని అడిగాను. మైనం ఉంటే పదిహేను రోజులన్నాడు. పూజ పదకొండో రోజున. పటేల్ వచ్చే ఆదివారం పిడి తీసుకుపోవడానికి వస్తాడని చెప్పాడు. నన్ను ఒక్క మాట అనలేదు.

ప్రతి యాత్ర తర్వాత ప్లానరు రిపోర్టు రాయాలి. చార్ట్‌లో ఉన్న ఒక్కొక్క అంశానికీ ఎదురుగా జరిగింది, జరగలేదు అని రెండు గడులుంటాయి. సోమవారం ఆఫీసులో కూర్చుని ‘పోతపని ప్రదర్శన’ ఎదురుగా జరిగింది అన్న గడిలో టిక్కు పెట్టాను. అబద్ధం కాదు. పక్కన వివరం రాయడానికి రెండు గీతల జాగా ఉంటుంది, దాన్ని ఖాళీగా వదిలాను. మేనేజరు చూసి, మొదటి ట్రిప్పే టైముకు నడిచిందని మెచ్చుకున్నాడు.

తప్పెక్కడో బుధవారానికి దొరికింది. ఇత్తడి బరువు లెక్కలోకి తీసుకున్నాను గానీ, దాని మీద ఉన్న మట్టిని తీసుకోలేదు. పెద్ద మూస కాబట్టి ఆయన మట్టి రెండింతల మందం పూశాడు. అంతా వేడి బూడిదలో కప్పి ఉంది. ట్రయల్ రోజున ఎద్దుబొమ్మను బయట రాతి మీద పెట్టాడు. ఆ రెండూ కలిపితే సాయంత్రం ఆరు దాటుతుంది. ఆయన ఫోన్‌లో పొద్దుగూకేదాకా అన్నది సరిగ్గా అదే సమయం. ఈ సంగతి పెన్సిలుతో నా నోటుబుక్కులో రాసుకున్నాను. ఫోన్ చేసి ఆయనకు చెప్పలేదు. ఆఫీసులో ఎవరికీ చెప్పలేదు.

రెండో ఆదివారం పటేల్ అక్కడే ఉన్నాడు. డెబ్బై ఏళ్లుంటాయి, తెల్లటి రుమాలు చుట్టుకుని అరుగు మీద కూర్చున్నాడు. ఇంకో ఇద్దరు ఆయన వెంట ఉన్నారు. బస్సులో వచ్చినవాళ్లు చిన్న ఎద్దుబొమ్మ మూస పగలడం చూస్తున్నారు, సునీత వివరిస్తోంది. నేను అరుగు పక్కన నిలబడ్డాను. మారుతి అన్న లోపలి నుంచి గుడ్డ తెచ్చి పటేల్ ముందు విప్పాడు.

పటేల్ ముక్కలను ముట్టుకోకుండానే అడిగాడు. “మా తాతల పిడి నీ చేతుల పెట్టినం గద మారుతి. ఏమైంది?”

“తొందరపడ్డ పటేల్. సల్లారకముందే ఇప్పిన. తప్పు నాదే.”

“నువ్వు తొందరపడే మనిషివి కాదు గదనే.”

పటేల్ అప్పుడు నన్ను చూసి, ఈ సారెవరని అడిగాడు. పట్నం సార్ అనీ, బస్సు తీసుకొస్తాడనీ మారుతి అన్న చెప్పాడు. పటేల్ నాకు దండం పెట్టాడు. నేనూ పెట్టాను. ఆయన చూపు నా మీదే కొంతసేపు ఉంది. ఏదైనా చెబుతాననుకున్నాడో, ఊరికే చూశాడో తెలియదు.

బస్సు కదలడానికి చార్ట్ ప్రకారం ఇంకా నాలుగు నిమిషాలుంది. నా వల్ల జరిగిందని చెప్పడానికి అరనిమిషం చాలు. నేను సునీత వైపు తిరిగి, అందరినీ ఎక్కించమన్నాను. రెండు నిమిషాల ముందే బయలుదేరాం. నా చార్టుల్లో సమయానికి ముందు కదిలిన బస్సు అదొక్కటే.

దారిలో సునీత నా పక్క సీట్లోకి వచ్చి, “పాపం ఆయన మీదనే ఏసుకున్నడు సార్,” అంది. అవునన్నాను.

ఆ గురువారం గూడెం వాళ్లు కొయ్య పిడితో పూజ చేసుకున్నారని తర్వాత తెలిసింది. కొత్త పిడి ఇంకో ఇంటివాళ్లతో పోయించుకున్నారు. దాంతోపాటు గంటలు, దీపాలు అన్నీ ఆ ఇంటికే పోయాయి. మారుతి అన్న మా ఆఫీసుకు ఫిర్యాదు చేయలేదు, మా బస్సును వద్దనలేదు. మిగిలిన ఇరవై రెండు ఆదివారాలూ మా కోసం ఎద్దులు, ఏనుగులు పోశాడు. చేయడానికి ఆయనకు వేరే పని అంతగా లేదు. ఒకసారి సునీత ఆయనను పై గూడెం సంగతి అడిగితే, ‘ఇప్పుడు అటు పోతలేనమ్మ’ అన్నాడట.

రెండేళ్ల తర్వాత కరోనాతో ఆ రూటు ఆగిపోయింది. మరుసటి ఏడు నేను యాభై నాలుగో ఏట స్వచ్ఛందంగా ఉద్యోగం వదిలేశాను. పై గూడెం పోతపని ఇంటి నుంచి ఏడు కిలోమీటర్లు. మొదటి సీజనంతా ప్రతి ఆదివారం ఆ గూడేనికి చీలే దారి ముందు నుంచే మా బస్సు వెళ్లేది. నేనొక్కసారీ దిగి వెళ్లలేదు.

ఈ పనిలోకి వచ్చేవాళ్లకు నేను చెప్పగలిగింది ఇది. చేతిపనివాడు చెప్పిన సమయాన్ని చార్ట్‌లో ఉన్నదున్నట్టు రాయండి, దాన్ని మీ లెక్కతో తగ్గించకండి. తగ్గించి నష్టం చేస్తే, ఆ నష్టపోయినవాళ్లు ఎదురుగా ఉన్నప్పుడే అది మీ తప్పని చెప్పండి. నేను చెప్పి ఉంటే పిడి అతికేది కాదు. ఆ ఇంటిపని మాత్రం బహుశా ఆ ఇంట్లోనే ఉండేది.