మస్తానుల ఇంట్లో మూనిస్

కొత్త బెల్లం దిగిన రోజు కర్నూలు పాత బజారులో అడుగు పెడితే, గోనెపట్టాల కింద నుంచి, అచ్చుల మీద ముసిరిన ఈగల మధ్య నుంచి, కాస్త చెరుకు, కాస్త పొగ, కాస్త తడిమట్టి కలిసిన వాసన ఒకటి వచ్చి నన్ను అంగడి ముందు నిలబెడుతుంది. నాకు చక్కెర జబ్బు. బెల్లం ధరతో నాకేమీ పని లేదు. అయినా ఒక అచ్చు చేతిలోకి తీసుకుని, రంగు తక్కువని, నాలుక మీద ఉప్పగా ఉందని, పక్క అంగట్లో ఇంతకంటే నయమని వంక మీద వంక పెట్టి, ధర నేను చెప్పిన చోటికి దిగేదాకా కదలను, దిగాక వద్దంటాను. మొన్న ఆ అంగడాయన విసుక్కుని, "ఏం పెద్దాయనా, కొంటాండావా, వాసన చూసి పోతాండావా?" అన్నాడు. వాసనకైతే ఎంతని అడిగాను. నవ్వాడు గాని ధర చెప్పలేదు. చెప్పి ఉంటే దాన్నీ తగ్గించమనేవాణ్ణి.

ఆ వాసన తిన్నగా ఆత్మకూరులో మా ఉరుసు దినాల్లోకి తీసుకుపోయి వదులుతుంది. మేము దూదేకులవాళ్లం. ఇంట్లో మాట్లాడేది తెలుగు, అమ్మేది పరుపులు, పేర్లు మాత్రం దర్గా నుంచి వచ్చేవి. బజారు మధ్యలో మాకొక పరుపుల అంగడి, వెనకే ఇల్లు, ఆ ఇంట్లో నాయన, ఇద్దరు చిన్నాయనలు, వాళ్ల సంసారాలు, నాయన తల్లి జేజి. పొద్దున లేస్తూనే దూది ఏకే వింటి నారి మోత చెవిలో పడేది, మధ్యాహ్నానికి దూదిపొట్టు గాల్లో తేలి మా తలలన్నీ ముసలివాళ్ల తలలయ్యేవి. నల్లమల నుంచి వాన గాలి వీచే నెలల్లో బుట్టల్లో సీతాఫలాలు దిగేవి, ఎండాకాలంలో బనగానపల్లె మామిడిపండ్లు గడ్డి పరుచుకుని వచ్చేవి, ఏ పండు వచ్చినా మా పక్కంగడి శెట్టి ముందు ముక్కుతో, తర్వాత గోటితో, ఆఖరున మాత్రమే నాలుకతో పరీక్ష చేసేవాడు. బేరం అనే విద్యను నేను ఆయన గడప మీద కూర్చుని నేర్చుకున్నాను. "అడగని సరుకు అగ్గువప్పా, ఒకరడిగిన సరుకు పిరెం" అనేవాడు శెట్టి. అగ్గువంటే చవక, పిరెమంటే ఖరీదు. మా బజారుకు ఈ రెండు మాటలు తెలిస్తే చాలు.

మా ఇంట్లో మగపిల్లలంతా మస్తానులే. ఊరి అంచున ఉన్న దర్గాలోని పీరు పేరు మస్తానయ్య కాబట్టి, ఆయనకు మొక్కి కన్న బిడ్డకు ఆయన పేరే పెట్టుకునే ఆచారం. పెద్ద మస్తాను, నల్ల మస్తాను, నత్తి మస్తాను, ఏ విశేషమూ లేనందువల్ల ఉత్త మస్తాను. జేజి వాకిట్లో నిలబడి "మస్తానూ" అని కేకేస్తే వీధి వీధంతా తల తిప్పేది, నేనొక్కణ్ణే తిప్పేవాణ్ణి కాదు. నా పేరు మూనిస్. అది మా వంశంలో లేదు, మా వీధిలో లేదు, ఊళ్లో మసీదుకు వచ్చేవాళ్లలో ఎవరికీ లేదు. బడిలో అయ్యవారు అది నోరు తిరగక మునెయ్య అని పిలిచేవాడు, నేను పలికేవాణ్ణి. శెట్టి మాత్రం నన్ను పైనుంచి కిందకు చూసి, "ఈ పేరు యాడ తెచ్చినారప్పా, మన సంతలో దొరికే సరుకు కాదే" అనేవాడు.

పేరు ఒంటరిదైతే దాన్ని మోసేవాడూ ఒంటరేనని అప్పుడే నేర్చుకున్నాను. గోలీలాటలో మస్తానులంతా ఒక జట్టు, ఎదుటి జట్టు నేను. ఇక ఉరుసు వచ్చిందంటే చెప్పనక్కర్లేదు. గంధం ఊరేగింపు, రొట్టెలు నలిపి బెల్లం కలిపి చేసిన మలీద, అగరొత్తుల పొగ, మల్లెపూల చాదర్లు, వీటన్నిటి మధ్య దర్గా వాకిట్లో మూడు కాళ్ల కొయ్యలకు వేలాడే పెద్ద తక్కెడ. మస్తాను అని పేరు పెట్టుకున్న పిల్లవాణ్ణి ఒక తట్టలో కూర్చోబెట్టి, రెండో తట్టలో బెల్లం అచ్చులు పేర్చి తూచేవాళ్లు. అది మొక్కు తీరడం. ఆ పొద్దు ఆ పిల్లవాడికి పచ్చ తలపాగా, మెళ్లో పూలదండ, తూగిన బెల్లం అతని చేతుల మీదుగానే ఊరందరికీ పంచడం. మా ఇంటి మస్తానులందరూ ఒక్కొక్క ఏడు ఆ తట్టలో కూర్చున్నారు. నేను చెయ్యి చాచి ముక్క తీసుకునే వరసలో నిలబడేవాణ్ణి.

నా పేరు అలా కావడానికి మా వాళ్లు చేసిన పొరపాటు ఒకటుంది. మా అమ్మకు పుట్టిన బిడ్డలు నిలవక, నేను కడుపులో ఉండగా నాయన కూడా మస్తానయ్యకే మొక్కుకున్నాడు. అయితే మొక్కు తీరేదాకా దాన్ని నోటితో బయట చెప్పగూడదని మా ఇండ్లలో నియమం. బిడ్డను ఉయ్యాల్లో వేసిన రోజు పేరును బిడ్డ చెవిలో మేనత్తే చెప్పాలి, ఒకసారి చెవిలో పడ్డ పేరును వెనక్కి తీసుకోగూడదు, ఇది ఇంకొక నియమం. మా మాబున్నత్త అప్పటికి నెల ముందే కడప వైపు అత్తగారింటి నుంచి పుట్టింటికి వచ్చేసింది. మస్తానుల ఇంట్లో ఇంకేం పేరు పెడుతుందిలే అని ఆమెకు ఎవరూ చెప్పలేదు. ఆమె ఉయ్యాల మీదికి వంగి, నా చెవిలో ఒక మాట చెప్పి, తలెత్తి అందరికీ వినిపించేటట్టు "మూనిస్" అంది. జేజి చక్కెర పంచకుండానే పళ్లెం కింద పెట్టేసిందని మా అమ్మ తర్వాత చెప్పేది.

నేను మూడో తరగతిలో ఉండగా నాకు విషజ్వరం వచ్చింది. తగ్గి, మళ్లీ తిరగబెట్టి, చివరికి కాళ్లు పుల్లలై మంచం దిగాను. తీరని మొక్కు పట్టుకుందని జేజి ఏడ్చింది. ఉరుసులో నన్ను తూచి, పీరు సముఖంలో పేరు మార్చితే దోషం పోతుందని దర్గా ముజావరు చెప్పాడు. నా సంతోషానికి అడ్డూ ఆపూ లేదు. పచ్చ తలపాగా, పూలదండ, జేజి కేకకు తల తిప్పే హక్కు, గోలీలాటలో జట్టు. జ్వరానికి మనసులో దండం పెట్టుకుని, ఈ శుభవార్త చెప్పడానికి అందరికంటే ముందు అత్త దగ్గరికే పరిగెత్తాను. ఎందుకంటే ఇంట్లో పని మానకుండా నా మాట వినేది ఆమె ఒక్కతే.

మాబున్నత్త అంగడి వెనక వసారాలో బొంతలు కుట్టేది. తెల్లచీర, నోట్లో రెండు సూదులు, ఒళ్లో ఎవరిదో పెళ్లిబొంత. మధ్యాహ్నం పూట ఇంటి ఆడవాళ్లంతా నడవలో చేరి నవ్వుకుంటుంటే ఆమె అక్కడే ఉండేది, పిలిస్తే పోయేది, పిలవడం ఎవరికీ గుర్తుండేది కాదు.

"అత్తా, ఇంగ నేను గూడా మస్తానే" అన్నాను.

ఆమె సూదులు నోట్లోంచి తీసి బొంతకు గుచ్చింది. "మంచిదే నాయనా. బాగుండల్ల నువ్వు." కాసేపు దారం లాగి లాగి చూసి, "మరి ఆ పేరు నీకొద్దంటే నాకిచ్చెయ్. యాడన్నా పారెయ్యొద్దు" అంది.

"నీకేంటికి?"

"నాదే గదా అది."

అప్పుడు చెప్పింది. అత్త మొగుడు, మా మామ, కువైటులో ఒక ఇంట్లో కారు తోలేవాడు. భాష రాదు, పలకరించే మనిషి లేడు, గోడకు మొహం పెట్టుకుని అన్నం తినేవాడు. ఆ ఇంటి షేకు చిన్న కొడుకు ఒకడు, నడక వచ్చీ రాని వయసువాడు, రోజూ తన గిన్నె తెచ్చుకుని మామ పక్కన కూర్చుని తినేవాడట. మాట లేదు, ఏం లేదు, కూర్చునేవాడు, అంతే. వాడి పేరు మూనిస్. పక్కన ఉంటే చాలు, ఒంటరితనం పోగొట్టేవాడు అని ఆ పేరుకు అర్థమని ఇంటివాళ్లు చెప్పారు. మామ సెలవుకు వచ్చినప్పుడు, మనకు మగబిడ్డ పుడితే ఇదే పేరని అత్తతో అని, తిరిగి పోయాడు. అక్కడే రోడ్డు ప్రమాదంలో చనిపోయాడు, అక్కడే మన్ను చేశారు. బిడ్డ పుట్టలేదు, పేరు మిగిలింది.

"ఉయ్యాల్లో నిన్ను చూసినాక మూట గట్టి పెట్టుకోబుద్ధి కాలా" అంది అత్త. "ఇచ్చేసినా."

నేను కరిగిపోయి కన్నీళ్లు పెట్టుకున్నానని రాయాలని ఉంది గాని, శెట్టి గడప మీద పెరిగినవాణ్ణి, అలా జరగలేదు. నాకు వెంటనే తోచిందేమిటంటే, ఈ పేరును అడుగుతున్న మనిషి ఒకరున్నారు, అంటే ఇది పిరెమైన సరుకు. అడిగినవాళ్లకు వెంటనే ఇచ్చేవాడు అంగడి పెట్టగూడదు. "ఇయ్యను" అన్నాను. ఆమె నా మొహంలోకి చూసింది, మళ్లీ సూది తీసుకుంది.

ఉరుసు రోజు తట్టలో కూర్చున్నాను. పచ్చ తలపాగా చెవుల మీదికి జారుతోంది. నాయన రెండో తట్టలో అచ్చులు పేర్చాడు, ముల్లు నిలబడింది, ముజావరు నెమలీకల కట్ట నా తల మీద ఆనించి, పేరు చెప్పడానికి నా చెవి దగ్గరికి వంగాడు. నేను రెండు చెవులూ గట్టిగా మూసుకున్నాను.

"ఏంరా అబ్బీ?"

"బెల్లం తీసుకో సామీ. పేరు వద్దు. నా పేరు నాకుండాది."

నాయన చెయ్యెత్తాడు. తట్టలో ఉన్నవాణ్ణి కొట్టగూడదని ఎవరో పట్టుకున్నారు. జేజి నోట్లో కొంగు కుక్కుకుంది. నేను తట్ట దిగలేదు. "ఇంగో అచ్చు ఎక్కువేసుకో సామీ, ఉన్న పేరుతోనే తుయ్యి" అన్నాను. గుంపులో ఉన్న శెట్టికి నవ్వాగక, "అయ్యయ్యో, పీరుతోనే బేరమాడ్తాండాడు గదప్పా వీడు!" అన్నాడు. ముజావరు గడ్డం నిమురుకున్నాడు. "ఈ పేరు ఎవరు పెట్టినారబ్బీ?" అన్నాడు. మాబున్నత్త అని చెప్పాను. ఆమె సంగతి ఆయనకు తెలుసు. ఇంకో అచ్చు వేయించి, ముల్లు వాలిపోతే పోనిమ్మని, నా చేతులు తనే చెవుల మీంచి తీసి, "మూనిస్" అని రెండోసారి నా చెవిలో చెప్పాడు. పీరుకు మాట కావాల గాని పేరుతో పనిలేదని నాయనతో అన్నాడు.

ఆ బేరంలో నేను పోగొట్టుకున్నవీ ఉన్నాయి. మస్తానులు నన్ను ఎప్పటికీ జట్టులో చేర్చుకోలేదు. జేజి చనిపోయేదాకా నాకు తుమ్ము వచ్చినా భయపడేది. అత్త దర్గాకు రాలేదు, వసారాలోనే ఉంది. నేను తలపాగాతో పోయి ఎదురుగా నిలబడితే సంగతి అప్పటికే తెలిసినట్టుంది, పక్కన జాగా చేసి, "మూనిస్, అన్నం తిన్న్యావా?" అని మాత్రం అడిగింది. ఆ రోజు నుంచి మధ్యాహ్నం అన్నం గిన్నె తీసుకుపోయి ఆమె దగ్గరే తినేవాణ్ణి. మా ఇద్దరికీ చెప్పుకోవడానికి ఏమీ ఉండేది కాదు. నేను నమిలేవాణ్ణి, ఆమె కుట్టేది.

చాలా ఏళ్ల తర్వాత, కర్నూలుకు మారి నేను పెట్టుకున్న అంగడికి అరబ్బీ చెప్పే ఒక మౌల్వీ సాబు పరుపు బేరానికి వచ్చి, నా పేరు విని ధర మాట మర్చిపోయాడు. ఉన్స్ అనే మాట నుంచి వచ్చిందన్నాడు, ఉన్స్ అంటే మచ్చిక, చేరువ. ఇన్సాన్, అంటే మనిషి అనే మాటకూ అదే వేరు అని కొందరు పండితులంటారట, కాదు, మరిచిపోవడం అనే మాట నుంచి పుట్టిందని మరికొందరంటారట. ఇస్లాం రాకముందు అరబ్బులు గురువారాన్ని మూనిస్ అనే పిలిచేవాళ్లని కూడా చెప్పాడు. మా దర్గాలో దీపాలు పెట్టేది గురువారమే. నాకొక పీరు లేడని అన్నేళ్లు ఏడ్చానే, వారానికొక రోజు మొత్తం నా పేరు మీద నడిచిందన్నమాట. ఆ మాటకు సంతోషించి పరుపు ధర తగ్గించాను. నా జీవితంలో అడగకుండా తగ్గించింది అదొక్కటే. ఇంటికి పోయి అత్తకు చెబుదామంటే ఆమె అప్పటికే మట్టిలో ఉంది.

ఇప్పుడు ఆత్మకూరులో మా పరుపుల అంగడి చోట సెల్‌ఫోన్లమ్ముతున్నారు. వింటి మోత లేదు, దూది బదులు స్పాంజి వచ్చింది. బొంత కప్పుకునేవాళ్లే లేరు, ఇక కుట్టేవాళ్లెక్కడ. దర్గాలో తక్కెడ తీసేసి అంకెల మిషను పెట్టారు, దాని మీద కూర్చోవడానికి మస్తానులు దొరకడం లేదు. తల్లిదండ్రులు పిల్లల పేర్లు ఫోన్లో వెతుక్కుంటున్నారు, అర్థంతో సహా క్షణంలో వస్తున్నాయి, ఎవరూ వాడనిది కావాలని పోటీ. ఆ పేరు కోసం ముందు ఎవరు ఎదురుచూశారో మాత్రం అందులో ఉండదు. నా పేరును నేను ఎవరికీ అందించలేకపోయాను. పెండ్లి సంబంధాలు వచ్చినప్పుడు అమ్మాయి పొడుగు తక్కువని, మామ నోరు ఎక్కువని బేరాలాడీ ఆడీ, సంత ముగిశాక ఖాళీ సంచితో నిలబడ్డవాణ్ణి.

పోయిన నెల కంట్లో పొర తీయించుకోవడానికి ఆసుపత్రికి పోయాను. "వెంబడి ఎవరొచ్చినారు తాతా?" అంది నర్సు. ఎవరూ రాలేదన్నాను. తోడు మనిషి లేకుంటే లోపలికి పంపరంది. "తీసేది ఒక కంటికే కదమ్మా, సగం మనిషిని తెచ్చుకుంటే చాలదా?" అన్నాను. నవ్వింది గాని దిగిరాలేదు. బల్ల మీద నా పక్కన కోడుమూరు నుంచి వచ్చిన రైతు ఒకాయనకూ అదే గతి పట్టింది. ఆయనకు నేను తోడు, నాకు ఆయన తోడు అని బేరం కుదిరింది. ముందు ఎవరు పోవాలనే దగ్గర గట్టిగానే లాగాను, ఓడిపోయాను.

పోతూ పోతూ తువ్వాలు, చెప్పులు నా చేతికిచ్చి, "నీ పేరేమప్పా?" అన్నాడు. చెప్పాను. "ఎప్పుడూ ఇన్లా. అంటే ఏమి?" అన్నాడు. ఇంతలో లోపలి నుంచి పిలిచారు. వచ్చినాక చెబుతాలే పొమ్మన్నాను.

వరండాలో ఫినాయిలు వాసన. ఎదురు బల్లల మీద కొడుకులు, కూతుళ్లు, కోడళ్లు, తమ తమ వాళ్ల కోసం కూర్చున్నారు. మధ్యాహ్నం దాటింది. చాలాసేపటికి తలుపు సందు తెరుచుకుని నర్సు తల బయట పెట్టింది.

"కోడుమూరాయన తాలూకు ఎవరుండారు?"

తువ్వాలు భుజాన వేసుకుని లేచాను.