భూకంపాల పుస్తకం

భూగర్భశాస్త్రం మాస్టారు దారిలో రాయి కనబడితే ఊరుకోరు. వంగి తీసి, నాలుకతో తడిపి, ఎండకు పట్టి చూస్తారు. ఏ పుస్తకాలు చదవాలని పిల్లలు అడిగితే మాత్రం, మెడ నిమురుకుంటూ భూకంపాల మీది ఓ లావుపాటి పుస్తకం పేరే ముందు చెబుతారు. "అది చదవకపోతే ఏమీ చదవనట్టే" అంటారు. అన్నప్పుడల్లా లోపల ముల్లు గుచ్చుకున్నట్టుంటుంది. లైబ్రరీలో అది దొరకలేదని ఒకమ్మాయి ఇంటికొచ్చి అడిగితే, కాదనలేక తన పుస్తకమే ఇచ్చారు. నెల తిరక్కుండా తెచ్చిచ్చింది. "చాలా బాగుంది సార్. మొదటి అధ్యాయం దాటాక కాగితాలు అంచుల దగ్గర తెగకుండా కలిసే ఉన్నాయి. బ్లేడుతో కోసుకుంటూ చదివాను. ఏమీ అనుకోకండి" అని, తప్పు తనదైనట్టు తల దించుకుంది. మెడ నిమురుకుంటూ మాస్టారు, "పర్లేదులే అమ్మా" అని ఆ పిల్లని క్షమించారు.