అన్న పేరు మీద చచ్చిపోయినవాడు

రాయ్‌పూర్‌లో మా రైల్వే క్వార్టర్ల వరసంతా శ్రీకాకుళం వైపువాళ్ళమే. దొరలు వెళ్ళిపోయిన కొత్తలో మా పక్కింటి ఖలాసీ రెండు రైలు పెట్టెల మధ్య నలిగి చచ్చిపోయాడు. పెళ్ళాం, ఇద్దరు ఆడపిల్లలు మిగిలారు.

అతను పనిచేసింది తన పేరు మీద కాదు. ఉద్యోగం మొదట వచ్చింది వాళ్ళన్నకి. ఇక్కడి ఎండ పడక అతను ఊరెళ్ళిపోతే, అన్న నంబరున్న ఇత్తడి బిళ్ళే తగిలించుకుని తమ్ముడు వచ్చి చేరాడు. ఆ రోజుల్లో ఖలాసీ మొహం ఎవరు చూశారు, బిళ్ళ ఉంటే చాలు. మా వరసలో అలాంటివాళ్ళు ఇంకా ఉండేవారు. మనిషి పోయాక వచ్చింది చిక్కు. ఆఫీసు లెక్కలో చచ్చిపోయినవాడు అన్న. ఆగిన జీతం, ఫండు అన్నీ అన్న పెళ్ళానికే చెందుతాయి.

పక్కింటావిడ ఆఫీసుకి వెళ్ళి ఉన్నమాట చెప్పేస్తానంది. ఖలాసీల మేస్త్రి గుమ్మానికి అడ్డం నిలబడ్డాడు. చెబితే నీకు పైసా రాదు సరికదా, పరాయి పేరు మీద పనిచేసేవాళ్ళందరి పొయ్యిలూ ఆరిపోతాయన్నాడు. ఆడవాళ్ళం కూడా చుట్టూ చేరి అదే చెప్పాం. ఇంటివాళ్ళేగా, డబ్బు తెచ్చి నీ చేతిలోనే పెడతారని సర్దిచెప్పి, ఆవిడ బావగారికి ఉత్తరం రాయించాం.

బావగారూ తోటికోడలూ దిగారు. తోటికోడలు మా ఇంట్లోనే బొట్టు చెరుపుకుంది. గాజులు పగలగొట్టడానికి మనసొప్పక, సబ్బునీళ్ళతో జారదీసి నా చేతికిచ్చింది. పుస్తెలు మొలలో దోపుకుంది. ఇక్కడి ఆడవాళ్ళలా ముసుగు లాక్కుని ఆఫీసులో పెద్ద గుమాస్తా బడాబాబు ఎదుట బాగానే ఏడ్చిందట. చచ్చిపోయిన మొగుడేమో బయట టీ కొట్టు దగ్గర బీడీ కాలుస్తూ కూర్చున్నాడు. ఆవిడ వేలిముద్ర వేసింది, మేస్త్రి సాక్ష్యం చెప్పాడు.

డబ్బు చేతికొచ్చిన సాయంత్రం పక్కింటావిడ తన డబ్బు ఇమ్మని కొంగు పట్టింది. తోటికోడలు నా అద్దంలో కుంకం దిద్దుకుంటూ, ఇటు తిరగనైనా తిరగలేదు.

"మొగుడు బతికుండగా బొట్టు సెరుపుకున్నదాన్ని నాను. ఆ పాపం ఎవులు మోత్తారే? నీకు పోయేదేటుంది, ఎలాగూ పోయిందే గదా."

ఆ దోషానికి శాంతి చేయించాలట, డబ్బంతా దానికే కావాలట. పిల్లలకి మిఠాయి కొనమని రెండు రూపాయలు పడేసి, మర్నాడు పొద్దున్నే బండెక్కేశారు.

ఆ వారంలోనే క్వార్టరు ఖాళీ చెయ్యమని ఆఫీసు మనిషి వచ్చాడు. పక్కింటావిడ మేస్త్రి కాళ్ళ దగ్గర కూర్చుంది. పోయినవాళ్ళ పెళ్ళాలకి స్టేషన్లో ఊడ్చే పనిస్తారు కదా, నాకూ ఇప్పించమంది.

"నీ మొగుడు ఏ కాగజులో సచ్చాడే?" అన్నాడు మేస్త్రి. "సచ్చినోడి పెళ్ళాం ముద్దరేసి ఊరెళ్ళిపోనాది. నువ్వెవులివి?"

చుట్టూ ఉన్న మగాళ్ళు నవ్వారు. మా ఆయనా నవ్వాడు.

ఆవిడ లేచింది. తిల్దా ఊళ్ళో బియ్యం మిల్లులో నూకలు చెరిగే పని దొరుకుతుందని ఎవరో అంటే, పిల్లలిద్దర్నీ తీసుకుని తిల్దా బండికి నడిచింది. ఆవిడ వీధి మలుపు తిరగకముందే మేస్త్రి బావమరిది ఆ క్వార్టరు తలుపుకి తన తాళం వేసుకున్నాడు.