ఇంకా రాని బండికి చోటు

కరిగించిన పసుపు రంగుకు ఒక వాసన ఉంటుంది. కాలిన రబ్బరుకూ వేడెక్కిన తారుకూ మధ్యలో ఎక్కడో ఉండే వాసన. మొన్న వన్ టౌన్‌లో ఒక సందు మొదట్లో, అరిగిపోయిన పాత గీతల మీద కొత్త రంగు వేయిస్తూ నిలబడ్డాను. పక్కనే బెల్లం, చింతపండు అమ్మే హోల్‌సేల్ కొట్టు. బెల్లం దిమ్మల తీపి వాసన, రంగు ఘాటు కలిసి ఒక్కసారి ముక్కుకు తగిలేసరికి, చేతిలో కొలత టేపు అలాగే పట్టుకుని ఆగిపోయాను. ఆ రెండు వాసనలూ కలిసే చోటు నాకు తెలిసి ఈ ఊళ్ళో ఇదొక్కటే. ఇది ఎస్తేరు మేడమ్ గీయించిన మూల.

సివిల్ ఇంజనీరింగు, ఆ తర్వాత రవాణా విభాగంలో పై చదువు పూర్తిచేసి నేను చేరిన మొదటి ఉద్యోగం విజయవాడలో ఒక చిన్న కన్సల్టెన్సీ. ఏ రోడ్డు మీద ఏ గీత ఎక్కడ ఉండాలో ప్లాన్లు గీసి ఇవ్వడం మా పని. ఆ ఆఫీసుకు పెద్ద ఎస్తేరు మేడమ్. చల్లపల్లి మనిషి. నేత చీర, కాళ్ళకు పరుగు పందేలకు వేసుకునే బూట్లు, చేతిలో నల్ల గొడుగు. ఆ గొడుగు ఎండకు విప్పడం తక్కువ, లారీలను ఆపడానికి ఎత్తడం ఎక్కువ.

దేన్నయినా వరస పెట్టి చెప్పడం నాకు అలవాటు. చేరిన రోజే ఆమె, “పసుపు గీతలు ఎన్ని రకాలు బాబూ?” అని అడిగితే ఉత్సాహంగా మొదలుపెట్టాను. ఒకటి, రోడ్డు అంచున ఒంటి పసుపు గీత: పార్కింగ్ నిషేధం. రెండు, జంట పసుపు గీతలు: అసలు ఆగడమే నిషేధం. మూడు, కూడలి మధ్యలో పసుపు గళ్ళ పెట్టె: అందులో నిలిచిపోకూడదు. ఇక గీతల వెడల్పు, రంగు మందం, రాత్రిపూట మెరవడానికి చల్లే గాజుపూసల పొడి గురించి చెప్పబోతుంటే ఆమె గొడుగు అందుకుని లేచారు. “పద, మిగతాది రోడ్డు మీద చెబుదువుగాని.”

ఒక బస్టాపు దగ్గర నిలబడ్డాం. ఒంటి గీత పక్కన ఒక కారు ఆగింది. వెనక సీట్లోంచి పెద్దావిడ దిగి, సంచి తీసుకుంది. కారు వెళ్ళిపోయింది.

“ఆయన తప్పు చేశాడా?” అన్నారు మేడమ్.

“నో పార్కింగ్ కదా మేడమ్. తప్పే.”

“దింపాడు, వెళ్ళాడు. అది పార్కింగ్ ఎట్లా అయింది? చూడు బాబూ, పని మీద ఎవరింటికో వెళ్తాం. గుమ్మంలో నిలబడి చెప్పాల్సింది చెప్పి వచ్చేస్తాం. చెప్పులు విప్పి లోపల కూర్చోం. ఒంటి గీత అంటే అంతే. జంట గీత ఉందనుకో, గుమ్మంలో కూడా నిలబడకూడదు. లోపల ఎవరికో ఒంట్లో బాగాలేదనుకో.”

“మరి గళ్ళ పెట్టె?”

“అది గడప. అవతల కాలు పెట్టే చోటుంటేనే దాటు. లేదా ఇవతలే ఉండు. గడప మీద మాత్రం నిలబడిపోకు.”

అన్నేళ్ళు చదివిన నియమాలు ఆ రోజు మొదటిసారి నాకు మనుషుల మర్యాదల్లా వినిపించాయి. ఆమె ఆ మర్యాదను ఎక్కడా తప్పేవారు కాదు. గవర్నరుపేటలో పని ఉంటే కారును ఎక్కడో దూరాన, సరైన చోట ఆపించి, అక్కడి నుంచి నడిపించేవారు. మా ఆఫీసు డ్రైవరు వాపోయేవాడు: “మేడమ్ గారితో వెళ్తే కార్లో వెళ్ళినట్టుండదండీ. కారుని కట్టేసి రావడానికి వెళ్ళినట్టుంటది.” ఆ మాటకు అందరికన్నా ఎక్కువగా నవ్వేది ఆమే.

వన్ టౌన్‌లోని ఈ వీధికి ప్లాను గీసే పని నాకు అప్పగించారు. పొద్దున షట్టర్లు లేచింది మొదలు లారీలు, ట్రాలీ ఆటోలు, తోపుడు బళ్ళు, వాటి మధ్య బస్తాలు మోసే ముఠా వాళ్ళు. సందు మొదట్లో ఎడమవైపున ఉన్న బెల్లం కొట్టు కోటేశ్వరరావు గారిది. ఆ సందు లోపల ఇళ్ళున్నాయి. వాటిలో ఒక ఇంట్లో రత్నమ్మ గారని ఒక పెద్దావిడ ఉండేవారు. కిడ్నీలు పాడై, వారంలో కొన్ని రోజులు డయాలసిస్‌కు వెళ్ళిరావాలి. ఆసుపత్రి వ్యాను వచ్చేది కానీ, మూలలో ఎప్పుడూ ఏదో ఒక బండి ఆగి ఉండటం వల్ల సందులోకి తిరగలేకపోయేది. అందుకని కొడుకు శ్రీను, పక్కింటాయన కలిసి ఆవిడను ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోబెట్టి వీధిలోకి మోసుకొచ్చేవాళ్ళు. మేం కొలతలకు వెళ్ళిన రోజే అది చూశాం. ముఠా వాళ్ళు భుజాల మీది బస్తాలతోనే పక్కకు జరిగారు. ఆవిడ కొంగు తల మీదికి లాక్కుని, ఎవరి వైపూ చూడకుండా ఆ బస్తాల మధ్య నుంచి వెళ్ళారు, తాను కూడా ఒక సరుకైనట్టు.

“వెళ్ళేటప్పుడు ఫర్లేదండి,” అన్నాడు శ్రీను మేడమ్‌తో. “వచ్చేటప్పుడే కష్టం. అప్పటికి అమ్మకి మెడ నిలబడదు. ఆ కుర్చీలో తల వేలాడేసుకుని అందరి ముందు నుంచి రావాలంటే ఏడుస్తది. ఈమధ్య అసలు వెళ్ళనంటోంది.”

డయాలసిస్ మానేస్తే ఆవిడ ఎన్నో రోజులు బతకరు.

నేను ఆఫీసుకు వచ్చి కోటేశ్వరరావు గారి కొట్టు ముందు ఈ చివర నుంచి ఆ చివరి దాకా జంట పసుపు గీతలు గీశాను. నియమం ప్రకారం ఏ తప్పూ లేదు. ఆ ప్లాను పట్టుకుని వెళ్తే ఆయన కళ్ళజోడు పైకి నెట్టి చూసి, “ఏవండీ, మా కొట్టుకి మంగళసూత్రం కడుతున్నారా, ఇంత పొడుగున పసుపు తాడు?” అన్నారు. ముఠా వాళ్ళు గొల్లుమన్నారు. ఆయన మాత్రం నవ్వలేదు. “మా నాన్నగారి కాలం నుంచి ఇక్కడే దింపుతున్నాం. రత్నమ్మ గారంటే నాకు గౌరవం లేకనా? మా అమ్మకి స్నేహితురాలండీ ఆవిడ. కానీ బండి ఆగకపోతే సరుకు దిగదు, సరుకు దిగకపోతే వీళ్ళందరికీ పని లేదు. మీరే చెప్పండి, ఎక్కడ దింపమంటారు?”

నేను నియమం చెప్పడానికి నోరు తెరిచాను. మేడమ్ గొడుగు కొనతో నా బూటు మీద మెల్లగా తట్టారు. “ఆదివారం కొట్టు కట్టేస్తారు కదండీ?” అన్నారు ఆయనతో. “ఒక్కసారి వస్తారా? రంగూ గింగూ ఏం వెయ్యం. చూద్దాం, అంతే.”

కారు దాకా నడుస్తున్నప్పుడు నాతో అన్నారు: “నీ గీత తప్పు కాదు బాబూ. ఎవరి కోసం గీశావో అందులో కనబడటం లేదు. ఆయనకి కనబడకపోతే ఆయన ఎందుకు వదులుకుంటాడు?”

ఆదివారం ఆమె చర్చిలో మొదటి ఆరాధన ముగించుకుని అటునుంచి అటే వచ్చారు. తెల్ల చీర, భుజాన సంచిలో బైబిలు. ఆసుపత్రి వ్యాను డ్రైవరు నాగూర్‌ను బతిమాలి, బండితో సహా రప్పించారు. వీధి ఖాళీగా ఉంది. శ్రీను చేతికొకటి, నా చేతికొకటి అడుగున చిల్లులు పొడిచిన డబ్బాలు ఇచ్చారు, నిండా సున్నం పొడి. వ్యాను మెల్లగా సందులోకి తిరుగుతుంటే శ్రీను ఎడమవైపు ముందు చక్రం పక్కనా, నేను వెనక చక్రం పక్కనా నడుస్తూ, చక్రం వెళ్ళిన దారిలో సున్నం రాల్చాలి. కోటేశ్వరరావు గారు మూసిన షట్టరు ముందు చేతులు కట్టుకుని నిలబడ్డారు. మొదటిసారి నాగూర్ కాస్త తొందరపడితే మేడమ్ గొడుగు ఎత్తారు. “నాగూర్, లోపల రత్నమ్మ గారు పడుకుని ఉన్నారనుకో.” అతను తల ఊపి, బండి వెనక్కి తీసుకుని, మళ్ళీ తిప్పాడు. ఈసారి ఆ బండి నీళ్ళ మీద పడవలా తిరిగింది.

వ్యాను సందులోకి వెళ్ళిపోయాక మేం వెనక్కి వచ్చి చూశాం. రోడ్డు మీద రెండు తెల్లని గీతలు. వీధి పొడుగునా ఒకదాని మీద ఒకటి పడినట్టు కలిసి వచ్చి, మూల దగ్గర విడిపోయి, సందు లోపల మళ్ళీ కలుసుకున్నాయి. మలుపులో వెనక చక్రం ముందు చక్రం దారిన వెళ్ళదు, లోపలి వైపుకు కోసుకుంటూ వెళ్తుంది. ఇది నాకు తెలుసు. కంప్యూటర్లో ఆ వంపును ఎన్నోసార్లు గీశాను. కానీ అక్కడ, ఎండలో, ఆ రెండు గీతల మధ్య మామిడి టెంకలా విచ్చుకున్న ఆ చోటును మొదటిసారి చూశాను. బండి వెళ్ళిపోయింది, దాని ఆకారం మాత్రం నేల మీద మిగిలింది. ఆ చోటు సరిగ్గా కొట్టు మొదటి షట్టరు ముందు, రోజూ ట్రాలీ ఆటోలు ఆగే చోట.

కోటేశ్వరరావు గారు కట్టుకున్న చేతులు విప్పి, ఆ చోటు అంచుదాకా వచ్చారు. “ఖాళీగా ఉంది కదా అనే పెట్టిస్తున్నానండీ ఇన్నాళ్ళూ,” అన్నారు.

“ఖాళీ కాదండీ,” అన్నారు మేడమ్. చీర అంచంతా సున్నం. “అక్కడ ఒక బండి ఉంది. ఇంకా రాలేదు, అంతే.”

నేను కాలేజీలో విన్న ఏ పాఠమూ ఆ మాటంత లోతుకు దిగలేదు.

ఆమె అక్కడితో ఆపలేదు. సున్నం గీత ఎక్కడ అంచును వదిలిందో అక్కడ కాలు పెట్టి, “జంట గీత ఇక్కడి దాకా చాలు,” అన్నారు. నేను గీసిన దానిలో అది సగం కూడా లేదు. “ఇక్కడి నుంచి ఒంటి గీత. ఆ చివరి షట్టరు ముందు తెల్ల గీతలతో పెట్టె వేస్తాం, సరుకు దింపడానికి. అక్కడ మీ లారీ ఆగొచ్చు.”

“అక్కడ నా కారుంటుందండీ.”

“రోజంతానా?”

“రోజంతా.”

వ్యాను దిగి వచ్చిన నాగూర్ పక్కకు తిరిగి నవ్వు ఆపుకున్నాడు. కోటేశ్వరరావు గారికి చెవులు ఎర్రబడ్డాయి. “మా నాన్నగారి స్కూటరు కూడా అక్కడే ఉండేదండీ. గల్లాపెట్టె దగ్గర కూర్చుంటే కనబడాలి నాకు,” అని, ఇంకేం చెప్పాలో తెలియక, “చూద్దాం లెండి,” అంటూ వెళ్ళిపోయారు. మేడమ్ ఆయనను ఆపలేదు.

రంగు వేసే లోపు వానలు పట్టుకున్నాయి. తడి రోడ్డు మీద ఈ రంగు నిలవదు. సున్నం గీత మొదటి వానకే కొట్టుకుపోయి ఉంటుందని నాకు తెలుసు. అయినా తెరిపి ఇచ్చిన ఒక ఉదయం, మళ్ళీ కొలతలు తీసుకుందామని వెళ్ళాను. మూల దగ్గర ఆగిపోయాను. గీత ఉంది. సున్నంతో కాదు, ముగ్గుతో వేసింది. వంపు కాస్త పెద్దదైంది, చివరన అలవాటు కొద్దీ ఒక చిన్న మెలిక కూడా తిప్పారు. ఆ వంపు లోపల ఒక్క బండి లేదు. తలెత్తి చూస్తే చివరి షట్టరు ముందు ట్రాలీ ఆటో ఆగి ఉంది, ముఠా వాళ్ళు బెల్లం దింపుతున్నారు. కోటేశ్వరరావు గారి కారు ఎక్కడా కనబడలేదు.

“మీ గీత వానకి పోయిందండీ,” అన్నారాయన గల్లాపెట్టె దగ్గర నుంచే. “వాకిలి ఊడ్చే కోటమ్మతో వేయిస్తున్నా. అక్కడ ఏ గీతా లేకపోతే, బండి పెట్టినోణ్ణి ఏం చూపించి తిట్టమంటారు నన్ను?”

ఆఫీసుకు వచ్చి చెబితే మేడమ్ కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. “మెలిక కూడా తిప్పిందా?” అని అడిగారు. మళ్ళీ చెప్పించుకున్నారు.

వానలు తగ్గాక రంగు వేశాం. తర్వాత ఒక మధ్యాహ్నం మేడమ్, “పద, మూలకి ఎదురుగా గట్టు మీద నిలబడదాం,” అని తీసుకెళ్ళారు. ఎందుకో చెప్పలేదు. వ్యాను వచ్చింది. నాగూర్ హారను కొట్టలేదు. మూల దగ్గర ఎవరూ, దేన్నీ పక్కకు జరపలేదు. జరపాల్సింది ఏదీ లేదు. బండి మెల్లగా తిరిగి, సందులోకి వెళ్ళి, ఆవిడ ఇంటి గుమ్మం ముందు ఆగింది. మేం సందు మొదటిదాకా నడిచాం. శ్రీను తల్లిని రెండు చేతుల్లోకి ఎత్తుకుని దింపుతున్నాడు. గుమ్మం ఒక్క అడుగు దూరం. ఆవిడ కొంగు తల మీదికి లాక్కోలేదు. అరుగు మీద కూర్చుని ఊపిరి తీసుకుంటూ, మేడమ్‌ను చూశారు.

“ఎవరమ్మా నువ్వు, ఎండలో నిలబడ్డావు? లోపలికి రా, మంచినీళ్ళు తాగి వెళ్దువుగాని.”

శ్రీను ఏదో చెప్పబోయాడు. మేడమ్ చిన్నగా తల అడ్డంగా ఊపారు. “లేదండీ, దారిన పోతూ ఆగాను. వస్తానండి,” అన్నారు. గుమ్మంలో నిలబడి, చెప్పాల్సింది చెప్పి, వచ్చేశారు.

ఇప్పుడు ఆమె చల్లపల్లిలో ఉంటున్నారు. మోకాళ్ళు సహకరించక పని మానేశారు. ఫోను చేస్తే క్షేమ సమాచారాల తర్వాత అడిగేది ఒకటే. “మూల ఎట్లా ఉంది?” మొన్న, “రంగు అరిగిపోయింది మేడమ్, మళ్ళీ వేయిస్తున్నాం,” అన్నాను. “రంగు సరే. అరిగిపోయాక ఎవరైనా బండి పెట్టారా?” అన్నారు. లేదన్నాను. “అయినా వెయ్యండి, వెయ్యండి. కొత్తవాళ్ళకి తెలియాలిగా,” అన్నారు.

ఆ రోజు రంగు ఆరాక ఇంటికి వెళ్ళి, అమ్మను స్కూటరు ఎక్కించుకుని మందుల షాపుకు బయలుదేరాను. షాపు పక్కనే ఒక సందు. దాని మూలలో ఏ గీతా లేదు. నేను ఆపకుండా ముందుకు పోనిచ్చాను.

“ఒరేయ్, అక్కడ అంత ఖాళీ పెట్టుకుని ఎక్కడికి తీసుకుపోతావురా నన్ను?” అంది అమ్మ.

“అక్కడ బండి ఉందమ్మా.”

అమ్మ వెనక్కి తిరిగి ఆ మూలను చూసింది. నేను అద్దంలో చూశాను. ఎండ పడి, అంత చోటూ మెరుస్తోంది.