మస్తాన్‌బీ బుగ్గలు

1958 ఎండాకాలం. అనంతపురంలో ఒక అద్దె గదిలో కూర్చుని పిల్లల పుస్తకాలు రాసేవాణ్ణి. బొమ్మలు కూడా నేనే వేసుకునేవాణ్ణి. ఊళ్లోవాళ్ల లెక్కలో నాది పనీపాటా లేని బతుకు. ఆ ఏడు కూడా వానల్లేవు. బుక్కరాయసముద్రం చెరువులో మేకలు మేస్తున్నాయి.

మా గది గోడ నీడలో కాశీం సాయిబు ఇత్తడి గిన్నెలకు కళాయి పూసేవాడు. భార్య కూలికి పోయేది గనుక ఏడేళ్ల కూతురు మస్తాన్‌బీ అతని వెంటే వచ్చేది. నా కొత్త కథలో తప్పిపోయిన మేకను వెతికే పాపకు ఆమెనే చూసి బొమ్మ వేశాను. ఒక్కచోట కుదురుగా కూర్చునేది కాదు. "నా ముక్కు ఇంత పొడుగుండాదా?" అని నాతో జగడం. పీక్కుపోయిన దవడలు, పెద్ద కళ్లు, కనుబొమ్మ మీద చిన్న గాటు. పెన్సిల్‌తో అంత బాగా నేను మళ్లీ ఏ బొమ్మా వేయలేదు.

మద్రాసు ప్రచురణకర్త ఆ స్కెచ్ తిప్పి పంపాడు. "ఈ కరువు మొహం అట్ట మీద ఉంటే ఎవరు కొంటారండీ? బుగ్గలు పెట్టండి" అని ఉత్తరం. బొమ్మను జింకు రేకు మీదికి ఎక్కించి అచ్చు వేయడాన్ని లైన్ బ్లాక్ అంటారు. దానికి నల్ల ఇంకు గీతలే ఉండాలి, పెన్సిల్ జాడ మిగలకూడదు. అందుకని ఆ స్కెచ్ మీదే బుగ్గలు నింపి, గాటు వదిలేసి ఇంకు పెట్టాను. ఆరాక పెన్సిలంతా రబ్బరుతో తుడిచేశాను. వేరే కాగితం తీసుకోవచ్చు. బద్ధకించాను.

పుస్తకం వచ్చేసరికి మస్తాన్‌బీ లేదు. వాంతులూ భేదులూ పట్టుకుని రెండు రోజుల్లో పోయింది. వారం తర్వాత కాశీం సాయిబు నా గుమ్మంలో నిలబడ్డాడు.

"అన్నా, మా పాప బొమ్మ నీ కాడ ఉండాది గదా. మాకు ఫోటో యాడిది? మొగం చూడల్లని వాళ్లమ్మ ఏడుస్తాంది."

పుస్తకం చేతికిచ్చాను. చాలాసేపు చూశాడు.

"ఎవరి బిడ్డన్నా ఇది?"

"మన మస్తాన్‌బీనే సాయిబూ. కొంచెం బుగ్గలు పెట్టమన్నారు..."

"మా పాప ఇట్ల యాడ ఉన్నిందన్నా? అంత తిండి మేం యాడ పెట్టినాం?"

కోపంగా అని ఉంటే బాగుండేది. మామూలుగానే అన్నాడు.

మళ్లీ గీసిస్తాను, రేపు రమ్మన్నాను. పుస్తకం అక్కడే పెట్టి వెళ్లాడు. ఆ రోజంతా ఎన్ని కాగితాలు చింపినా చేతికి ఆ బొద్దు పాపే వచ్చింది. పుస్తకంలో ప్రతి బొమ్మకూ ఆ బుగ్గలనే దిద్దినవాణ్ణి, అసలు మొహం నాలో కూడా చెరిగిపోయింది. మర్నాడు అతను వస్తే, గాటు ఏ కనుబొమ్మ మీద ఉండేదని అతన్నే అడిగాను. సిగ్గుతో చచ్చిపోయాను.

"ఎడమ దానిమీదన్నా" అన్నాడు. చింపిన కాగితాల వైపు చూసి పుస్తకం తీసుకున్నాడు. "పోనీలే, ఇదే ఇయ్యి. కడుపు నిండా తినింటే ఇట్లుండేదని వాళ్లమ్మకు చెప్తా."

అప్పటి నుంచి ఏ బొమ్మకైనా ఇంకు వేరే కాగితం మీదే పెడతాను. పెన్సిల్ మొహాలను తుడవను, దాచుకుంటాను. ఇప్పటికి ట్రంకుపెట్టె నిండిపోయింది. అందులో మస్తాన్‌బీ మాత్రం లేదు.