గురజాల చాక్లెట్ లడ్డు మీద వచ్చిన ఫిర్యాదు

పల్నాడు జిల్లా కొత్తగా ఏర్పడిన ఏడాది నన్ను నరసరావుపేటకు ఫుడ్ సేఫ్టీ ఆఫీసర్‌గా వేశారు. రిటైర్మెంటుకు ముందు నా చివరి పోస్టింగు అదే. మా ఉద్యోగాన్ని వెనకటికి ఫుడ్ ఇన్‌స్పెక్టర్ అనేవారు. ఊళ్లలో మాత్రం ఎప్పుడూ 'కల్తీ మేడం' అనే పిలిచారు. నాకా పేరు ఇష్టమే. మా పైన జిల్లాకు ఒక డెసిగ్నేటెడ్ ఆఫీసర్ ఉంటారు. కేసు ముందుకు పంపాలా వద్దా అన్నది ఆయన చూస్తారు. శాంపిల్ తీయడం, సరుకు సీజ్ చేయడం, లోపం కనిపిస్తే నోటీసు రాయడం మా పని. నా సర్వీసంతా కారంలో రంగు, మంచి నూనెలో చౌక నూనె, పాలల్లో నీళ్లు పట్టుకోవడంతోనే గడిచింది. ఆ పనిలో నన్ను మోసం చేసినవాళ్లు తక్కువని ఇప్పుడు కూడా ధైర్యంగా చెప్పగలను. అలాంటిది, ఆ డిసెంబరులో నా ఫోనుకు చాక్లెట్ మీద ఫిర్యాదు వచ్చింది.

ఫిర్యాదు చేసినాయన గురజాల బజారులో కిరాణా కొట్టు యజమాని కోటేశ్వరరావు. ఆయన ఏటా క్రిస్మస్‌కు తన ఖాతాదారుల్లోని క్రైస్తవ కుటుంబాలకు మిఠాయి డబ్బా ఒకటి ఇచ్చే అలవాటున్న మనిషి. ఆ ఏడు బూందీ మిఠాయి మాని, అదే ఊళ్లో సలోమి అనే ఆమె ఇంట్లో చేసే ట్రఫుల్స్ తీసుకున్నాడు. వేడి క్రీము పోసి కరిగించిన చాక్లెట్‌ను చల్లార్చి, చిన్న ఉండలుగా చుట్టి, పైన మళ్లీ కరిగిన చాక్లెట్‌లో ముంచితే ట్రఫుల్ అవుతుంది. గురజాలలో ఆ పేరు ఎవరి నోటా తిరగలేదు. ఊరంతా దాన్ని చాక్లెట్ లడ్డు అనేసింది. పంచేముందు కోటేశ్వరరావు ఒక డబ్బా తెరిచి చూస్తే ఉండల మీద తెల్లగా పట్టి ఉంది. ఫొటో తీసి, 'బూజు పట్టిన మిఠాయి అమ్ముతున్నారు' అని రాసి నాకు పంపాడు. నాకంటే ముందు ఊళ్లోని వాట్సాప్ గ్రూపులన్నిటికీ పంపాడని తర్వాత తెలిసింది.

సలోమి ఒక ప్రైవేటు బడిలో చిన్న తరగతులకు చెప్పేది. కరోనాలో ఆ బడి మూతపడింది. ఇంట్లో కూర్చుని ఫోను చూసి కేకులు నేర్చుకుంది, ఆపైన ఈ ట్రఫుల్స్. ఇంట్లో వండి అమ్మేవాళ్లు కూడా మా దగ్గర రిజిస్ట్రేషన్ చేయించుకోవాలని చట్టం. నిజంగా చేయించుకున్నవాళ్లు నా డివిజన్‌లో వేళ్ల మీద లెక్కపెట్టేంత మందే. వాళ్లలో ఈమె ఒకతె. ఆ క్రిస్మస్ ముందురోజు ఆరాధనకు వచ్చే ప్రతి మనిషి చేతిలో ఒక ట్రఫుల్ పెట్టాలని వాళ్ల చర్చి ఆమెకు ఆర్డరిచ్చింది. ఫొటో తిరిగాక సంఘ పెద్దలు వెనక్కు తగ్గారు. మర్నాటి సాయంత్రంలోగా విషయం తేలకపోతే బూందీ లడ్డు చెప్పుకుంటామన్నారు. ఆ ఆర్డరు పోతే ఆమె వంటింటి పని ఆ పండగతోనే ఆగిపోతుంది. తినే వస్తువు మీద బూజు అన్న పేరు పడితే అంత చిన్న ఊళ్లో కడుక్కోవడం అయ్యే పని కాదు.

మా పద్ధతి ప్రకారం శాంపిల్ తీసి, నాలుగు భాగాలు చేసి, సీళ్లు వేసి, ఒక భాగం లాబ్‌లో ఉండే అనలిస్టుకు పంపాలి. మిగతావి డెసిగ్నేటెడ్ ఆఫీసర్ దగ్గర ఉంటాయి. రిపోర్టు వచ్చేసరికి క్రిస్మస్ కాదు, కొత్త సంవత్సరం కేకులు కూడా అరిగిపోతాయి. పండగ ఆ వారంలోనే ఉంది. ఇలాంటప్పుడు అధికారికి మిగిలేవి కన్ను, ముక్కు, చదువుకున్న చదువు. భూతద్దం సంచిలో వేసుకుని పొద్దున్నే గురజాల బస్సెక్కాను.

ముందు కొట్టుకు వెళ్లాను. కోటేశ్వరరావు కౌంటరు మీద డబ్బాను సాక్ష్యంలా పెట్టుకుని కూర్చున్నాడు. చుట్టూ నలుగురు చేరారు. భూతద్దంలో చూస్తే తెలుపు చారలు చారలుగా ఉంది, నూగు లేదు. బూజుకు నూగుంటుంది, మట్టి వాసనుంటుంది. ఒక ఉండను ఆయన చేతిలోనే పెట్టి, తెల్లటి చోట బొటనవేలు కాసేపు ఆనించి ఉంచమన్నాను. వేలు తీసేసరికి అక్కడ తెలుపు పోయి నల్లగా నిగనిగలాడింది. బూజయితే వేడికి కరిగిపోదు.

"బూజు కాదంటే మరి ఏందది మేడం?" అన్నాడు.

సమాధానం చెప్పేముందు డబ్బాలు ఎక్కడ పెట్టారని అడిగాను. వెనక రేకుల గోడౌన్‌లో పెట్టాడట. మధ్యాహ్నం చూస్తే మెత్తబడ్డాయని కంగారుపడి, కూల్‌డ్రింకుల ఫ్రిజ్‌లోకి మార్చాడట. డిసెంబరయినా పల్నాడు రేకుల కింద చాక్లెట్ నిలవదు. అది కరిగి మళ్లీ గడ్డకట్టేటప్పుడు లోపలి కొవ్వు పైకి తేలి తెల్లగా పేరుకుంటుంది. దాన్ని మా వాళ్లు బ్లూమ్ అంటారు. అందం పోతుంది గానీ ఆరోగ్యానికి హాని లేదు. ఇదంతా వివరంగా చెప్పాను. కోటేశ్వరరావు కాసేపు ఉండను తిప్పి తిప్పి చూసి, అయితే తప్పు సలోమిది కాదు, తన రేకులదన్నమాట అన్నాడు. చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. ఆ మాటే గ్రూపుల్లో పెట్టమన్నాను, నా ఎదుటే పెట్టాడు. మొండివాడే గానీ మాటకు నిలబడే మనిషి.

అక్కడితో తిరిగి బస్సెక్కితే నన్ను ఎవరూ తప్పుపట్టేవారు కాదు. కానీ తినే వస్తువు మీద ఫిర్యాదు వస్తే అమ్మిన చోటుతో పాటు తయారైన చోటు కూడా చూడాలి. నేను ఆ నియమాన్ని ఏనాడూ దాటలేదు. కోటేశ్వరరావు కూడా, ఆమెకు ఒక మాట చెప్పుకోవాలంటూ నా వెంట బయల్దేరాడు.

సలోమి ఇంటి అరుగు మీద సంఘ పెద్దలిద్దరు అప్పటికే కూర్చుని ఉన్నారు. కోటేశ్వరరావు వాళ్ల దగ్గరే ఆగాడు. లోపల వంటిల్లు నా సర్వీసులో చూసిన చాలా హోటళ్ల కంటే శుభ్రంగా ఉంది. సలోమి గోళ్లు కత్తిరించుకుంది, తలకు గుడ్డ కట్టుకుంది, తాగునీటి బిందె వేరుగా పెట్టుకుంది. బూజు కాదని చెప్పగానే ఆమె స్టూలు మీద కూలబడి ఏడ్చేసింది. నాకు కూడా మనసు తేలికైంది, ఆ సంగతి దాచను. రెండు నిమిషాలాగి, చర్చికి చేసినవి చూపించమన్నాను.

ఫ్రిజ్‌లోంచి స్టీలు ట్రేలు తీసింది. మూత తీయగానే గుప్పున యాలకుల వాసన కొట్టింది. కొట్లో చూసిన ఉండల్లో యాలకులు లేవు. ఎందుకు వేశావమ్మా అంటే, పండగ కదా, వాసనగా ఉంటుందని అంది. ఒకటి విరిచాను. ట్రఫుల్ లోపల వెన్నలా నున్నగా ఉండాలి. ఇది రవ్వరవ్వగా ఉంది, వేళ్లకు నూనె జిడ్డు అంటింది. ముక్కు దగ్గర పెట్టుకుంటే యాలకుల అడుగున సన్నగా పులుపు తగిలింది. ఏ క్రీము వాడావని అడిగాను.

"ఫ్రెష్ క్రీమే మేడం. మా అత్తగారి గేదె పాల మీగడ."

విషయం అర్థమైపోయింది. మొదటి విడతకు ఆమె నరసరావుపేట నుంచి తెప్పించిన క్రీము ప్యాకెట్లు వాడింది. చర్చి ఆర్డరుకు అవి చాలలేదు, గురజాలలో దొరకలేదు. ఫోనులో వంట చెప్పే ఆవిడ ఫ్రెష్ క్రీం అంది. మన ఇళ్లల్లో ఆ మాటకు ఒకటే అర్థం, మీగడ. అయితే మనం మీగడను ఎలా దాస్తాం? రోజూ కాచిన పాల మీదిది తీసి ఒకే గిన్నెలో వేస్తూ పోతాం, కాస్త పెరుగు తోడు కలుపుతాం, వారమయ్యాక చిలికి వెన్న తీస్తాం. మా అమ్మ అలాగే చేసింది, నేనూ చేస్తాను. వెన్నకూ నెయ్యికీ అది చక్కటి పద్ధతి. ట్రఫుల్‌కు మాత్రం పనికిరాదు. వారం నాటి మీగడ అప్పటికే పులిసి ఉంటుంది, వేడి తగిలితే విరుగుతుంది. అందులో ఏ క్రిములు పెరిగాయో చెప్పలేం. చాక్లెట్ మందంగా పట్టి ఉంటుంది కాబట్టి పైకి ఏమీ కనిపించదు. చర్చి నిండా పిల్లలూ ముసలివాళ్లూ దాన్ని తింటారు.

కాస్త పుల్లగా తగిలిన మాట నిజమేనని, యాలకులు అందుకే రెండోసారి వేశానని సలోమి తనే చెప్పింది. తర్వాత తలుపు వైపు చూసి, గొంతు బాగా తగ్గించింది.

"బూజు కాదన్నారు, నాకు అది చాలు మేడం. ఈ మాట బయట అనబాకండి. ఇంక నన్నెవరు నమ్ముతారు?"

నేను ఉన్నది ఉన్నట్టు చెప్పాను. నా కాగితం మీద రెండు సంగతులూ పడతాయి, ఒకటి రాసి ఒకటి మింగడం నాకు చేతకాదు. ఈ ఉండలు మాత్రం చర్చికి వెళ్లవు. నేను సీజ్ చేస్తే అది కేసు దాకా వెళ్లొచ్చు. సరుకు బయటికి పోకముందే తయారుచేసిన మనిషి తనంతట తాను పారేస్తే సీజ్ అవసరం రాదు, ఇకమీదట ఎలా చేయాలో చెబుతూ ఒక నోటీసు ఇస్తే సరిపోతుంది. అరుగు మీద కూర్చున్నవాళ్లకు ఎవరు చెప్పాలన్నది ఆమె ఇష్టం, కానీ నేను చెబితే అది తీర్పు అవుతుందని కూడా అన్నాను. అంతకు మించి బతిమాలలేదు, బెదిరించలేదు.

ఆమె ముఖం కడుక్కుని, ఒక ట్రే చేత్తో పట్టుకుని అరుగు మీదికి నడిచింది. నేను గుమ్మంలో ఆగాను.

"కోటేశ్వరరావు బాబాయ్ ఫొటోలోది బూజు కాదంట, మేడం గారు తేల్చారు. మన చర్చికి చేసినయ్యి మాత్రం బాగలేవు. మీగడ పులిసింది. నాకు తెలిసీ యాలకులేసి కప్పెట్టా. ఇయ్యి ఎవరికీ పెట్టను. మళ్లీ చేస్తా, లేదంటే మీరు బూందీకే చెప్పుకోండి."

ఆ పెద్దమనుషులిద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ముందుగా మాట్లాడింది కోటేశ్వరరావే. తమ ఇంట్లో అయినా మీగడే వేసి ఉండేవారని, ఇలా నలుగురి ముందుకొచ్చి చెప్పేవారు మాత్రం కాదని అన్నాడు. అంటూనే ఫోను తీసి నరసరావుపేటలోని హోల్‌సేల్ కొట్టుకు కలిపి, క్రీము ప్యాకెట్లు సాయంత్రం బస్సులో వేయమని పురమాయించాడు. పెద్దల్లో వయసు మీదపడినాయన గొంతు సవరించుకుని, బూందీ సంగతి మర్చిపొమ్మని సలోమికి చెప్పాడు.

తర్వాతిదంతా పద్ధతి. పెరట్లో గుంట తీయించి, ఉండలు వేసి, ఎవరూ ఏరుకుని తినకుండా పైన బ్లీచింగు చల్లించాను. అంత చాక్లెట్ మట్టిపాలవుతుంటే వాళ్ల అత్తగారు నన్ను తిట్టని తిట్టు లేదు, నాకు వినబడుతుందని తెలిసే తిట్టింది. నోటీసులో నేను రాసినవి సామాన్యమైన సంగతులు. క్రీము ప్యాకెట్‌దే వాడాలి, తెరిచిన ప్యాకెట్ మర్నాటికి ఉంచకూడదు, ఉండలు పంచేదాకా చల్లగా ఉండాలి. సలోమి సంతకం పెట్టి, నేను వద్దంటున్నా గుమ్మం దాకా వచ్చి సాగనంపింది.

క్రిస్మస్ ముందురోజు చర్చిలో అందరికీ ట్రఫుల్స్ అందాయని కోటేశ్వరరావు ఫోన్ చేసి చెప్పాడు. గోడౌన్‌లో కరిగి తెల్లబడిన డబ్బాలను కూడా ఆయన వృథా చేయలేదు. ఎలా తెల్లబడ్డాయో ప్రతి ఇంటికీ వివరించి మరీ పంచాడట. ఇంత శాస్త్రం చెప్పి చాక్లెట్ ఇచ్చిన కిరాణా కొట్టు జిల్లాలో మరొకటి ఉండదు.

జనవరిలో ఫైలు చూసి మా డెసిగ్నేటెడ్ ఆఫీసర్ నన్ను పిలిచారు. పాడైన సరుకు ఇంట్లో దొరికితే నోటీసుతో ఎందుకు వదిలానని అడిగారు. సరుకు అమ్ముడు పోలేదని, తయారీదారే తప్పు ఒప్పుకుని నాశనం చేసిందని, సాక్షులుగా సంఘ పెద్దల సంతకాలున్నాయని చెప్పాను. ఆయన ఫైలు మూసేశారు.

నేను రిటైరయ్యేదాకా సలోమి మీద మరో ఫిర్యాదు రాలేదు. ఈ ఉదంతం నాకు రెండు సంగతులు నేర్పింది. ఫిర్యాదులో రాసిన తప్పు దగ్గరే తనిఖీ ఆపితే అసలు తప్పు తప్పించుకుంటుంది. రెండోది, బూజు కాదని భూతద్దం పట్టుకుని నేను చెబితే గురజాలలో సగం మంది నమ్మారు. మీగడ పులిసిందని సలోమి తనంతట తాను చెప్పాక ఆ బూజు మాటను మిగతా సగం మందీ నమ్మారు.