గంజి ఆరకముందు

ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డ ఐదారేళ్లకు హుజూరాబాద్ మొత్తానికి తిరుగుబాటు నవలాకారుణ్ని నేనొక్కణ్నే. పోటీకి ఇంకొకడు లేడు కాబట్టి ఆ బిరుదు నాకు నేనే ఇచ్చుకున్నాను. పగలు బడిపంతులుగా ఎక్కాలు చెప్పించేవాణ్ని, మిగతా వేళంతా సమాజాన్ని చీల్చి చెండాడేవాణ్ని.

నా నవల బెజవాడ వారపత్రికలో సీరియల్‌గా వచ్చింది. మా నేతగాళ్ల వాడలో నాకు వరుసకు చిన్నమ్మ అయ్యే మనిషి కథ అది. భర్త పోయాక ఆమె కులం కాని బండివాడితో పట్టపగలే కాపురం పెట్టింది. నవలలో ఆమె పేరు మార్చాను. ఎడమ కంటి పక్కన పుట్టుమచ్చను, ఆ బండి ఎద్దుల రంగును మార్చడానికి మాత్రం నా కళాత్మక నిజాయితీ ఒప్పుకోలేదు.

ఇంటి మీద రాళ్లు పడతాయని వారం వారం ఎదురుచూశాను. ఒక్క బెడ్డ కూడా పడలేదు. మా వాడలో చదువొచ్చినవాళ్లకు పత్రిక కొనే స్తోమత లేదు, కొనగలిగిన షావుకార్లకు చదివే ఓపిక లేదు. ఉండబట్టలేక ఆఖరి సంచిక పట్టుకుని చాయ్ హోటల్‌కు పోయి నేనే బిగ్గరగా చదివాను. హోటల్ నడిపే ముసలి సాయిబు నా ఎదుట కప్పు పెడుతూ మెల్లగా అన్నాడు.

"జర ఆహిస్తా చదువు సారూ. గామె గిప్పుడే గీ తొవ్వంట పోయింది."

నేను గొంతు ఇంకాస్త పెంచాను.

సాయంత్రానికి సంగతి వాడకు చేరింది. వాడ పరువు బజారుకెక్కించానని కులపెద్దలు కూర్చున్నారు. శిక్ష నాకే అనుకుని, దాని మీద రాయబోయే రెండో నవలకు పేరు కూడా ఆలోచించుకున్నాను. శిక్ష నన్ను కన్నందుకు మా బాపుకు పడింది. మా దగ్గర ఎవరు మగ్గానికి నిలువు పోగుల పడుగు సాగదీసినా ఇంటికొకరు వచ్చి గంజి పని చేయాలి. అది కట్టుబాటు. మా పడుగుకు ఎవరూ పోవద్దన్నారు.

బాపు ఎవరినీ బతిమాలలేదు. మర్నాడు పొద్దున్నే వాడ పొడుగునా పడుగు కట్టి, అవ్వ కాచిన గంజి పట్టించాడు. ఎండ ముదిరేలోగా కుంచెలతో దువ్వకపోతే పోగులన్నీ అతుక్కుపోతాయి, నెల రోజుల నేత మట్టిపాలవుతుంది. ఉన్నది ముసలివాళ్లైన అమ్మానాన్నలు, నేను. నేతగాడి చెమట మీద ఇరవై పేజీలు రాసినవాణ్ని, కుంచె పడితే పదడుగులకు ఆరు పోగులు తెగాయి.

బాపు నా చేతిలోంచి కుంచె తీసుకున్నాడు. "నువ్వు పోయి రాసుకో పో" అన్నాడు. తిట్టినా అంత బాధపడేవాణ్ని కాదు.

అప్పుడు చిన్నమ్మ వచ్చింది. కొంగు నడుముకు చుట్టి, రెండో కుంచె అందుకుని బాపుకు ఎదురుగా నిలబడింది. అరుగుల మీద కూర్చుని చూస్తున్నవాళ్లు ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. నా వల్ల నగుబాటైన మనిషే పని చేస్తుంటే తాము కూర్చోవడం ఏం బాగుంటుందనిపించిందేమో, ఒక్కొక్కరే లేచి వచ్చారు. పడుగు దక్కింది.

పనయ్యాక క్షమించమని చిన్నమ్మను అడగబోయాను. అప్పుడు కూడా నా నోట పుస్తకం మాటలే వచ్చాయి. ఆమె చేతుల గంజి కడుక్కుంటూ విన్నది.

"రాస్తే రాసినవు తియ్యి. ఆఖర్ల నన్ను బాయిల దుంకిచ్చినవట గదా?"

కథకు ఒక ముగింపు ఉండాలి గదా అని నసిగాను. నిజానికి నవల మొత్తంలో నేను బాగా మురిసిపోయింది ఆ బావి దగ్గరే.

"నేనెందుకు సావాలె కొడుకా? మొగడు పోయిననాడు సావలే. గీ మనిషితోని ఉండొద్దని కులపోళ్లు కూసున్ననాడు గూడ సావలే. నీకేం జేసిన్నని నన్ను సంపినవు?"

అన్ని కట్టుబాట్లు పెట్టిన కులపెద్దలు కూడా ఆమెను బతకనిచ్చారు. చంపినవాణ్ని నేనే.